డప్పు కావాలి, కొట్టినోడి పేరు వద్దా?



పోయినేడు సంక్రాంతి వెళ్ళిన పది రోజులకు మా పల్లెకు రెండు కార్లు వచ్చాయి. మా పల్లె చీరాలకు దగ్గరే. పేరు రాయను, రాస్తే మా పెద్దోళ్ళకు ఇబ్బంది. కార్లలోంచి ఐదుగురు దిగారు. కెమెరాలు, గొడుగులాంటి లైట్లు, పొడుగాటి కర్రకు కట్టిన మైకు. వాళ్ళల్లో పెద్ద ఒక అమ్మాయి. హైదరాబాదులో పాటలు పాడుతుందంట, సినిమా తీసే చదువు చదివిందంట. డప్పు మీద డాక్యుమెంటరీ తీస్తా, తర్వాత డప్పు నేర్చుకుని సభల్లో వాయిస్తా అంది.

ఆ అమ్మాయి చెడ్డది కాదు. ముందే చెప్తున్నా. మా అరుగు మీద కూచుంది, మా చెంబుతో మంచినీళ్ళు తాగింది, మా పెదనాన్నను తాతగారూ అని పిలిచింది. అంతే, మావోళ్ళు కరిగిపోయారు. మన ఇంట ఎవరన్నా మంచినీళ్ళు తాగితే చాలు, ఇల్లు రాసిచ్చేటట్టు ఉంటాం మనం. ఈ రోగం గురించి ఇంకోసారి రాస్తా.

మూడు రోజులు తీశారు. చావు దెబ్బ, పెళ్ళి దెబ్బ, అమ్మోరి జాతర దెబ్బ, చాటింపు దెబ్బ, అన్నీ కొట్టించారు. ఎండుగడ్డి మంటేసి డప్పు కాచేది తీశారు. సిర్ర ఎట్టా పట్టాలి, సిటికెన పుల్ల ఎట్టా ఆడాలి, వేళ్ళ దగ్గరికి కెమెరా పెట్టి తీశారు. ఆరుగురికి మనిషికి 500 రూపాయలు, ఒక తువ్వాల. పోయేటప్పుడు ఇంగ్లీషు కాయితం ఒకటి ముందు పెట్టారు. నలుగురు సంతకం చేశారు, ఇద్దరు వేలిముద్ర వేశారు. నేను ఆ రోజు బడిలో ఉన్నా. ఉంటే చదివేవాణ్ణి. ఇది నా తప్పు కింద రాసుకోండి.

ఎనిమిది నెలల తర్వాత, హైదరాబాదులో పనిచేసే నా పాత విద్యార్థి ఫోన్లో వీడియో పంపాడు. పెద్ద హాలు. తెర మీద మా పల్లె. తెర ముందు నల్లబట్టలేసుకుని, భుజాన డప్పుతో ఆ అమ్మాయి. తెర మీద పెదనాన్న చేతులు ఆడతా ఉంటే ఇక్కడ ఆమె వాయిస్తంది. జనం లేచి చప్పట్లు. టిక్కెట్టు 400 అంట. చివర్లో పేర్లు పడ్డాయి. తీసినామె పేరు, కెమెరా పట్టినోడి పేరు, కారు తోలినోడి పేరు, బస ఇచ్చిన లాడ్జి పేరు. ఆ కింద, 'చీరాల ప్రాంత గ్రామస్తులకు కృతజ్ఞతలు'.

గ్రామస్తులు! ఏ గ్రామస్తులు? ఊళ్ళో వాళ్ళా, పల్లెలో వాళ్ళా? ఊళ్ళో పెత్తందారు ఎప్పుడన్నా డప్పు కొట్టాడా?

పెదనాన్నకు ఆ వీడియో చూపించా. కళ్ళజోడు తెచ్చుకుని రెండుసార్లు చూశాడు. "దెబ్బ నాదే రా అబ్బాయా, చెయ్యి మాత్రం ఆమెది" అన్నాడు. కాసేపాగి నవ్వాడు. "చావు దెబ్బ మధ్యలో పెళ్ళి దెబ్బ కలిపింది. శవానికి పెళ్ళి చేస్తందా ఏంది?"

ఆయన అడగని ఇంకో సంగతి ఉంది. కెమెరా ముందు ఆయన ఒక మాట చెప్పాడు. కుర్రతనంలో జరమొచ్చి చాటింపుకు ఆలస్యంగా పోతే ఊరి పెద్ద కచేరీ స్తంభానికి కట్టేయించాడు. డప్పు లాక్కుని తోలు కోసేశాడు. ఆ రాత్రి వాళ్ళమ్మ ఏడుస్తా కొత్త తోలు నానేసింది, ఎందుకంటే తెల్లారితే మళ్ళీ చాటింపు ఉంది. ఆ మాట చెప్పేటప్పుడు పెదనాన్న గొంతు పట్టేసింది. ఆ అమ్మాయి కూడా కళ్ళు తుడుచుకుంది. నలభై నిమిషాల సినిమాలో ఆ మాట లేదు! మంట ఉంది, దుమ్ములో ఆడే పిల్లలున్నారు, సాయంత్రపు ఎర్రటి ఆకాశం ఉంది. స్తంభం లేదు.

ఈ సంగతి నలుగురికీ చెప్తే రెండు రకాల జవాబులొచ్చాయి. రెండూ నాకు కడుపు మండించాయి.

మొదటిది, కళ మీద ప్రేమ ఉన్న పెద్దమనుషులది. "మాస్టారూ, కళ అందరిదీ. కళకు కులమేమిటి? ఆమె వల్ల మీ డప్పుకు గౌరవం వచ్చింది కదా." బాగానే ఉంది. గొడ్డు చచ్చినప్పుడు కులం ఉంది. శవం లేచినప్పుడు కులం ఉంది. చాటింపు వేసేటప్పుడు, వేసి దూరంగా నిలబడి గింజల కోసం కొంగు పట్టేటప్పుడు కులం ఉంది. టిక్కెట్టు పెట్టిన రోజున మాత్రం కులం ఎగిరిపోయిందా? డప్పు మోసినన్నాళ్ళు మాదిగోడిది, చప్పట్లు పడ్డాక తెలుగు జాతిది. ఇదేం లెక్క?

రెండోది మనోళ్ళది. ఉద్యోగాలొచ్చి కాలనీల్లో ఇళ్ళు కట్టుకున్నోళ్ళది. "పోనీలే మాస్టారూ, ఆ దరిద్రం వదిలించుకున్నాం. ఎవరు కొట్టుకుంటే మనకేం?" దీనికి జవాబు చెప్పే ముందు నా సంగతి ఒకటి చెప్పాలి.

నేను చీరాలలో ఇంటర్ చదివే రోజులు. మా ఇంట కాలేజీ గడప తొక్కినవాణ్ణి నేనే. మీ నాన్న ఏం చేస్తాడని ఎవరన్నా అడిగితే వ్యవసాయం అనేవాణ్ణి. సెంటు భూమి లేదు. ఒకరోజు గడియార స్తంభం దగ్గర స్నేహితులతో టీ తాగుతున్నా. ఒక షావుకారు శవం వస్తంది. ముందు డప్పులు. అందులో మా నాన్న. నేను బట్టల కొట్టు బోర్డు వెనక్కి పోయి నిలబడ్డా. నాన్న చూశాడు. చూసి తల అటు తిప్పుకున్నాడు, నన్ను ఎరగనట్టు. నా పరువు కాపాడటానికి మా నాన్న నన్ను ఎరగనట్టు నటించాడు! ఆ రాత్రి ఇంట్లో ఆయనా ఏం అనలేదు, నేనూ అనలేదు. 2003లో పోయాడు. ఆయన దగ్గర ఒక దెబ్బ ఉండేదంట, వానదేవుడికి కొట్టేది, వాళ్ళ తాత దగ్గర నేర్చుకున్నదంట. పెదనాన్నకు కూడా అది సగమే వచ్చు. మిగతా సగం నాన్నతో పాటు మట్టిలో కలిసింది. బిఎడ్ చదివా, ఇంగ్లీషు పద్యాలు బట్టీ పట్టా. మా నాన్న దెబ్బ ఒక్కటి నేర్చుకోలేదు.

కాబట్టి డప్పును కెమెరాతో తియ్యొద్దు అనే నోరు నాకు లేదు. తియ్యాలి. ఈ పాటికి తీసి ఉండాల్సింది. నా తగవు తియ్యడం గురించి కాదు. తీసింది ఎవరి సొత్తు అనేదాని గురించి.

డప్పు వద్దన్న మన పెద్దల్ని కూడా నేను తప్పు పట్టను. వాళ్ళ కారణం మన కాలనీవాళ్ళ సిగ్గు లాంటిది కాదు. 1878లో ఒంగోలు దగ్గర వెల్లంపల్లిలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం తీసుకున్నారు. ఎక్కువమంది మాదిగలే. ఆ కాలంలో మారినవాళ్ళు జాతర్లలో డప్పు కొట్టం అన్నారు, అన్నందుకు పెత్తందార్ల చేత నానా బాధలు పడ్డారు. చరిత్ర పుస్తకాల్లో దాన్ని మతం మార్పిడి అని మాత్రమే రాస్తారు. నేను సమ్మె అంటాను. చేతిలో ఉన్న ఒకే ఒక్క ఆయుధం, పని మానెయ్యడం. వాళ్ళు మానేసింది డప్పును కాదు, వెట్టిని. ఆ రెండూ అప్పుడు ఒకే తోలుకు అంటుకుని ఉన్నాయి కాబట్టి రెండూ పోయాయి.

తర్వాత ఏం జరిగిందో ఈ గడ్డ మీద పుట్టినవాళ్ళకు చెప్పక్కర్లేదు. 1985 జూలై 17న కారంచేడులో మంచినీళ్ళ చెరువు దగ్గర మొదలైన తగవు ఆరుగురు మాదిగల్ని బలి తీసుకుంది. బతికినోళ్ళు పరిగెత్తుకొచ్చింది మన చీరాలకే. ఆ సెప్టెంబరు 1న తెనాలిలో దళిత మహాసభ పుట్టింది. గద్దర్ కారంచేడు మీద పాట కట్టాడు. ఆ పాటలతో పాటు డప్పు ఊరూరా మళ్ళీ లేచింది. ఎవరి శవం ముందో కూలికి కాదు, మన శవాల కోసం మనం కొట్టాం. 1991 ఆగస్టు 6న చుండూరు. మళ్ళీ డప్పు. (గద్దర్ పోయింది కూడా ఆగస్టు 6నే, 2023లో.) 1994 జూలై 7న మనకు కూతవేటు దూరంలో, ఈదుమూడిలో మొదలైన ఉద్యమం పేరే దండోరా! దండోరా అంటే ఏంది? చాటింపు. దొర మాట చాటిన డప్పు మన మాట చాటింది. వర్గీకరణ గురించి మాల మాదిగలు ఎవరి వాదన వాళ్ళు చేసుకోండి, అది ఇక్కడ ఎత్తను. డప్పు చేతులు మారిన సంగతి మాత్రం ఎవరూ కాదనలేరు.

సరే. ఆ అమ్మాయి మా అరుగు మీద కూచున్నప్పుడు ఇంకో మాట చెప్పింది. బ్రెజిల్ దేశంలో ఒక కళాకారుడు పల్లెపల్లె తిరిగి పాత పాటగాళ్ళను కెమెరాతో తీశాడంట, వాళ్ళతో కలిసి పాడాడంట. అట్టాంటి సినిమా చూసే తనకు ఈ పని మీద మనసు పుట్టిందంట. బ్రెజిల్ అంటే మనకు పీలే తెలుసు, ఫుట్‌బాల్ తెలుసు. నేను పనిగట్టుకుని వాళ్ళ డోలు సంగతి చదివా. చదివితే అది మన కథే.

దాదాపు 48 లక్షల మంది ఆఫ్రికా నల్లజాతి మనుషుల్ని ఓడల్లో కట్టేసి బ్రెజిల్‌కు దించారు. ఏ దేశానికీ అంతమందిని దించలేదు. చెరుకు తోటల్లో, గనుల్లో, కాఫీ తోటల్లో చాకిరీ. బానిసత్వం రద్దయింది 1888లో, ఆ ఖండాలన్నిటిలోకీ ఆఖరున. రద్దు చేసి చేతిలో సెంటు భూమి పెట్టలేదు. రెండేళ్ళు తిరక్కుండా 1890లో కొత్త శిక్షాస్మృతి రాసి, నల్లవాళ్ళు పాటతో తాళంతో ఆడే కపోయెరా అనే ఆటను నేరం కింద చేర్చారు. వాళ్ళ దేవుళ్ళ గుళ్ళ మీద పోలీసులు పడి డోళ్ళు ఎత్తుకుపోయారు.

వాళ్ళకు పండేరో అని ఒక వాయిద్యం ఉంది. గుండ్రటి చెక్క చట్రం, ఒక పక్క తోలు, అంచున చిన్న తాళాలు. మన కంజిరకు అన్న, డప్పుకు తమ్ముడు అనుకోండి. రియో పట్నంలో జొవాఁవ్ ద బయానా అనే నల్లజాతి వాద్యకారుడు ఉండేవాడు. 1908లో ఆయన పండేరోను పోలీసులు లాగేసుకున్నారు. చేతిలో పండేరో ఉంటే చాలు, రౌడీ కింద లెక్క. ఆయన వాయిద్యం వినడానికి ఇంటికి పిలిపించుకున్న సెనేటరు ఒకాయన సంగతి తెలుసుకుని, కొత్త పండేరో చేయించి, దాని మీద తన పేరు రాయించి ఇచ్చాడంట. ఆ పేరు చూసి పోలీసులు ముట్టుకునేవాళ్ళు కాదంట. చూశారా! వాయించే చెయ్యి నల్లవాడిది. కానీ ఆ తోలు మీద దొర పేరుంటేనే దానికి రోడ్డు మీద నడిచే హక్కు. మన డప్పుకు ఇప్పుడు జరిగేదానికీ దానికీ తేడా ఏమన్నా ఉందా?

ఇంకా వినండి. ఆ రియోలోనే సియాటా అనే పెద్దమ్మ ఇల్లు ఉండేది. బయియా నుంచి వచ్చిన నల్లజాతి మనిషి, మిఠాయిలు అమ్ముకుని బతికింది. ఆమె ఇంట్లో రాత్రుళ్ళు అందరూ చేరి తలా ఒక చరణం కట్టి పాడేవాళ్ళు. సాంబా పట్నంలో పెరిగింది అట్టాంటి ఇళ్ళల్లోనే. 1916 నవంబరులో ఆ గుంపులో ఒకతను ఒక పాటను తన పేరు మీద జాతీయ గ్రంథాలయంలో రిజిస్టరు చేయించుకున్నాడు. 1917 ఉత్సవంలో అది దేశమంతా మోగింది. ఇది అందరం కలిసి కట్టింది గదా అని మిగతావాళ్ళు గొడవ పడ్డారు. అయినా కాయితం మీద ఉన్న పేరే నిలబడింది. అతని పేరు డోంగా. తెలుగులో ఆ పేరుకు వచ్చే అర్థం నేను పెట్టింది కాదు. నిజానికి అతనూ నల్లవాడే, ఆ ఇంటివాడే, పెద్ద కళాకారుడు. ఈ సంగతి ఎందుకు చెప్తున్నానంటే, బయటోళ్ళే తీసుకుపోతారని లేదు. మనలో కాయితం తెలిసినోడు కూడా మిగతావాళ్ళను ముంచగలడు. మాస్టర్లం, మేం కూడా.

1930ల్లో అక్కడి ప్రభుత్వానికి దేశమంతటికీ ఒక గుర్తు కావాల్సొచ్చింది. నిన్న పోలీసులు తరిమిన సాంబాయే ఇవాళ బ్రెజిల్ గుండె చప్పుడు అయింది. రేడియోలో అదే. 1938లో సావోపాలో నగర సాంస్కృతిక శాఖ తరఫున మారియో ద ఆండ్రాదె అనే రచయిత నలుగురు మనుషుల్ని, రికార్డు చేసే యంత్రాన్ని ఇచ్చి ఉత్తరాది రాష్ట్రాలకు పంపాడు. ఊరూరా తిరిగి పాటలు, డోళ్ళు రికార్డు చేసుకొచ్చారు. గొప్ప పనే, కాదనను. అది లేకపోతే ఎన్నో పాటలు మా నాన్న దెబ్బలాగా పోయేవి. కానీ ఆ పళ్ళేలు చేరింది సావోపాలోకు. పాడినవాళ్ళు ఉన్నచోటే ఉన్నారు.

రియో పోలీసులు 1889 నుంచి 1945 దాకా నల్లజాతి గుళ్ళ నుంచి ఎత్తుకుపోయిన డోళ్ళు, పూజ సామాన్లు ఏమయ్యాయి? పోలీసుల మ్యూజియంలోనే ఉండిపోయాయి, చేతబడి సామాన్లు అని పేరు పెట్టి! ఆ గుళ్ళ పెద్దలు, ముఖ్యంగా ముసలి అమ్మలు, మా దేవుళ్ళను విడిచిపెట్టండి అని 2017లో ఉద్యమం లేపారు. 2020లో ఆ సామాన్లు పోలీసుల చెరలోంచి బయటపడి రిపబ్లిక్ మ్యూజియానికి చేరాయి. ఏది ఏ దేవుడిదో, ఏ పేరు పెట్టాలో ఇప్పుడు ఆ గుళ్ళవాళ్ళే చెప్తున్నారు. బ్రెజిల్ నుంచి మనం నేర్చుకోవలసింది కెమెరా పట్టుకుని పల్లెలు తిరగడం ఒక్కటే అనుకుంది ఆ అమ్మాయి. నాకు మాత్రం ఈ ముసలమ్మలు కనపడ్డారు.

అంత దూరం ఎందుకు, మన తెలుగునేల మీద కిన్నెర మొగులయ్యను చూడండి. నాగర్‌కర్నూలు జిల్లా అవుసలికుంట మనిషి. డక్కలి కులం. పన్నెండు మెట్ల కిన్నెర మీద పండుగ సాయన్న కథ, మియాసాబ్ కథ చెప్పుకుంటా ఊరూరా తిరిగినోడు. 2021లో భీమ్లా నాయక్ సినిమా పాటలో ఆయన గొంతు, కిన్నెర వినపడ్డాయి. కోట్లమంది విన్నారు. 2022లో పద్మశ్రీ. అదే ఏడు ఖమ్మం మన్యం వైపు నుంచి కోయ డోలు కళాకారుడు సకిని రామచంద్రయ్యకు కూడా పద్మశ్రీ. ఆయన 2024లో పోయాడు. అదే 2024లో మొగులయ్య హైదరాబాదు శివార్లలో ఇల్లు కట్టే చోట రోజుకూలీ చేస్తా పేపర్లకెక్కాడు. ప్రభుత్వం కోటి రూపాయలు ఇచ్చింది, ఇవ్వలేదని కాదు. పిల్లల పెళ్ళిళ్ళకు, ఇంటికి అయిపోయాయన్నాడు. నెలనెలా వచ్చే 10 వేలు ఆగిపోయాయన్నాడు. అప్పుడు మనవాళ్ళే కొందరు, కోటి తినేశాడు అని నవ్వారు. సిగ్గుండాలి! దానం అయిపోతుంది. హక్కు అయిపోదు. ఆయన కిన్నెర మోగిన ప్రతిసారీ ఆయన ఇంటికి నాలుగు రూపాయలు చేరే ఏర్పాటు ఉంటే, కోటి ఉందా పోయిందా అని ఎవడూ లెక్కలు అడిగేవాడు కాదు.

ఇక్కడ ఒక చేదు మాట కూడా మింగాలి. డక్కలి వాళ్ళు ఎవరు? మాదిగల పుట్టుపూర్వం, జాంబవ పురాణం చెప్పేవాళ్ళు. మన చరిత్ర మోసినవాళ్ళు. వాళ్ళను మన మాదిగ పల్లెలో కలవనిచ్చామా? గడప తొక్కనిచ్చామా? ఊరు మనకు చేసింది మనం వాళ్ళకు చేశాం. ఇది ఒప్పుకోకుండా ఆ అమ్మాయి మీద అరిస్తే నా గొంతు నాకే పలకదు.

ఇంకొకటి. మా పల్లెలో పెదనాన్న మనవరాలు డిగ్రీ చదువుతంది. పోయినేడు ఆ మూడు రోజులూ పక్కన నిలబడి చూసింది. ఆ పిల్ల చిన్నప్పుడు డప్పు ముట్టుకుంటే, ఆడపిల్లవు నీకేంటే అని కసిరారు. కారులో వచ్చిన అమ్మాయికి మాత్రం దగ్గరుండి వేళ్ళు పట్టి నేర్పారు. అదీ ఆడపిల్లే గదా? ఆ మాట మనవరాలే అడిగింది. మావోళ్ళ దగ్గర జవాబు లేదు.

మన దగ్గరే, గుంటూరు పక్కన పొన్నెకల్లు నాజర్ గారిని తలుచుకోండి. దూదేకుల ఇంట పుట్టాడు. జంగం కథ పద్ధతి పట్టుకుని, ప్రజానాట్యమండలిలో బుర్రకథగా నిలబెట్టాడు. సర్కారు నిషేధించేంత వాడి పెట్టాడు దానికి. ఆయన పేరు ఎవరూ గ్రామస్తులు కింద కలపలేకపోయారు. ఎందుకంటే వేదిక ఆయనది, కథ ఆయనది, చివరికి తన బతుకు కథ కూడా తనే చెప్పుకుని పుస్తకంగా వేయించుకున్నాడు. దానికి పెట్టిన పేరు 'పింజారి'. ఎవరో తిట్టడానికి వాడే మాటను అట్ట మీదికి ఎక్కించాడు. ఆ తెగువ మనకూ రావాలి.

ఇక చట్టం సంగతి. సంఘం పనిచేసే తమ్ముళ్ళు ఇది జాగ్రత్తగా చదివి పల్లెలో చెప్పండి. 1957 కాపీరైటు చట్టంలో పాట రాసినోడికే కాదు, పాడినోడికి, వాయించినోడికి కూడా హక్కుంది. దాన్ని ప్రదర్శకుడి హక్కు అంటారు. 50 ఏళ్ళు ఉంటుంది. 2012లో సవరించి దాన్ని గట్టి చేశారు. వాయించింది నేనే అని పేరు వేయించుకునే హక్కు ఉంది. నా వాయిద్యాన్ని ముక్కలు చేసి నా పరువు తీసేటట్టు మారిస్తే అడ్డుకునే హక్కు ఉంది. కానీ ఒక మెలిక. సినిమాలో వాడుకోవడానికి ఒప్పుకుంటున్నా అని ఒకసారి రాసిచ్చామా, ఆ కాయితంలో వేరే షరతు రాసుకోకపోతే, ఆ సినిమాను వాళ్ళు ఆడించుకోవడానికి మనం అడ్డు చెప్పలేం. వ్యాపారానికి వాడుకుంటే రాయల్టీ మాత్రం అడగొచ్చు. అందుకే ఆ ఇంగ్లీషు కాయితం. 500 రూపాయలు ఇచ్చింది మూడు రోజుల కూలికి కాదు, ఆ వేలిముద్రకు!

కొట్టను అన్నవాణ్ణి బలవంతాన కొట్టించడం వేరే సంగతి. వెట్టి చేయించడం 1989 అట్రాసిటీ చట్టం కింద నేరం. కారంచేడు నెత్తురులోంచి వచ్చిన చట్టం అది. శవం ముందు డప్పుకు రానన్నాడని ఎక్కడన్నా ఊళ్ళోవాళ్ళు పనులు బంద్ చేస్తే, ఆ పల్లెవాళ్ళు ఒక్కరే పోలీసు స్టేషనుకు పోవద్దు. సంఘాన్ని వెంటబెట్టుకుని పోండి.

రాష్ట్ర ప్రభుత్వం పింఛను జాబితాలో డప్పు కళాకారులు అని ఒక గడి పెట్టింది. 2024 జూలై నుంచి దాన్ని నెలకు 4,000 చేశారు. మంచిదే, అర్హులైనవాళ్ళు వదలకండి. అయితే కళాకారుడు అని పింఛను కాయితం మీద రాయగలిగినప్పుడు, సినిమా చివర రాయడానికి ఏం అడ్డమొచ్చింది?

ఇప్పుడు అసలు పని. ఆ అమ్మాయి మళ్ళీ వస్తానని కబురు పెట్టింది. జాతర తీస్తుందంట. రావొద్దని నేను అనలేదు. ఫోన్ చేసి మాట్లాడా. పెదనాన్న చెప్పిన స్తంభం మాట ఎందుకు తీసేశావమ్మా అని అడిగా. కాసేపు మాట్లాడలేదు. "చూసేవాళ్ళు బాధపడతారని అన్నారండీ" అంది. ఎవరన్నారో చెప్పలేదు. బాధ పడితే పడనీ తల్లీ, మేం అనుభవించిందే వాళ్ళు చూడలేరా అన్నా.

ఈసారి కాయితం మనం రాస్తాం, తెలుగులో. తీసిన ప్రతి ముక్కా ఒక కాపీ పల్లెకు ఇవ్వాలి. ఇంటిపేరుతో సహా ఆరుగురి పేర్లూ తెర మీద పడాలి, ఎవరి దగ్గర నేర్చుకున్నారో వాళ్ళ పేర్లు కూడా. టిక్కెట్టు పెట్టి ఆడితే అందులో వాటా. సభలో ఆమె వాయిస్తే పక్కన మనోళ్ళు ఒకరన్నా వేదిక మీద ఉండాలి, రానుపోను ఖర్చులు, కూలి వాళ్ళవే. స్తంభం మాట సినిమాలో ఉండాలి. ఇది ఒప్పుకుంటే మళ్ళీ మన అరుగు మీదే కూచోబెడతాం, మళ్ళీ మన చెంబుతోనే నీళ్ళిస్తాం. ఒప్పుకోకపోతే కార్లు తిప్పుకోవచ్చు. పెదనాన్నకు ఈ షరతులు చదివి వినిపిస్తే ఒకటి కలపమన్నాడు. చావు దెబ్బలో పెళ్ళి దెబ్బ కలపకూడదు.

ఆమె వచ్చినా రాకపోయినా మన పని మనం మొదలుపెడుతున్నాం. నెలకు రెండు వందలు ఫోనుకు పోస్తన్నాం గదా, దాన్లోనే కెమెరా ఉంది. మా ఎనిమిదో తరగతి పిల్లలు దాంతో సినిమా తీసేస్తారు. ఒక్కొక్క పెద్దమనిషిని కూచోబెట్టి అడగాలి. పేరు, ఇంటిపేరు, ఎవరి దగ్గర నేర్చుకున్నావు, ఈ దెబ్బ దేనికి, ఈ తోలు ఎట్టా నానేస్తారు, చింతగింజల జిగురు ఎట్టా కాస్తారు, ఎప్పుడు దెబ్బలు తిన్నావు, ఎప్పుడు కొట్టనన్నావు. నాట్లేసేటప్పుడు పాడే అమ్మల్ని మరవొద్దు. నకలు ఒకటి పల్లెలో, ఒకటి సంఘం ఆఫీసులో. ఒకే మనిషి దగ్గర ఉంచొద్దు, నా దగ్గర కూడా.

వచ్చే ఆదివారం చర్చి అయిపోయాక మా పల్లె వేపచెట్టు కింద కూచుంటున్నాం. చుట్టుపక్కల పల్లెల నుంచి డప్పులున్నవాళ్ళు డప్పులతో రండి. అటకెక్కించి తోలు ఎలుకలు కొట్టేసిన వాళ్ళు ఉత్త చట్రంతోనన్నా రండి. పెదనాన్న వానదేవుడి దెబ్బ తనకొచ్చిన సగం కొట్టి చూపిస్తానన్నాడు. మిగతా సగం మీ పల్లెల్లో ఏ ముసలాయనకన్నా తెలిసి ఉంటే ఆటో ఎక్కించి తీసుకురండి, కిరాయి నేనిస్తా. మనవరాలు కొట్టడానికి ఒక డప్పు కాచి ఉంచుతున్నాం. ఫోన్లు చార్జింగు పెట్టుకుని రండి.